పది గొలుసుల ఎనిమిది

మా బావి మాకే ఉంది. ఆ సంగతి ముందే చెప్పేస్తున్నాను. ఈ ముచ్చట చెప్పినప్పుడల్లా వినేవాళ్ళు చివరిదాకా ఊపిరి బిగబట్టి కూర్చుంటారు. వాళ్ళ మొహాలు చూస్తే నాకు మళ్ళీ ఆ తొమ్మిది రోజులు గుర్తుకొస్తాయి. బావి పోలేదు. పోగొట్టబోయింది మా పాలివాడూ కాదు, సర్కారూ కాదు. నేనే. అదీ చదువుకున్న తెలివితో.

మాది సుల్తానాబాదుకు సైకిల్ మీద గంట దూరంలో ఉన్న ఊరు. నేను ఆ ఊరి బడిలోనే పంతులును. కొత్త పైసలు వచ్చిన మరుసటి ఏడు అది. రూపాయికి పదహారు అణాలు పోయి వంద పైసలు వచ్చాయి. పిల్లలకు దశాంశాలు గట్టిగా నేర్పమని పైనుంచి ఉత్తరువు వచ్చింది. ఊరు మొత్తానికి దశాంశం తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే కావడంతో నా నడక కూడా కొంచెం మారిందని మా అవ్వ అనేది. మా వైపు అమ్మను అవ్వ అని, నాయనను బాపు అని పిలుస్తాం. నిజమే అయి ఉంటుంది. ఎవరు ఏ లెక్క చెప్పినా నడుమ ఒక చుక్క పెట్టందే నాకు తోచేది కాదు.

నాకు లోపల ఒక పుండు కూడా ఉండేది. నా చదువంతా కరీంనగరంలో ఉర్దూలో సాగింది. తీరా నేను చదువు ముగించి వచ్చేసరికి నిజాం రాజ్యం పోయింది, ఆ తరువాత రాష్ట్రమూ మారింది. పెండ్లికని కుట్టించుకున్న షేర్వాణీ పెండ్లి ఆగిపోతే పెట్టెలో మడిచిపెట్టినట్టు, నా ఉర్దూ లోపలే మగ్గుతూ ఉండేది. ఎవరైనా వచ్చి ఒక్క కాగితం చదివిపెట్టమంటే బాగుండునని ఎదురుచూసేవాణ్ణి. ఎవరూ రాలేదు. వచ్చినవాడు మా కొంప మీదికే వచ్చాడు.

ముందు బావి సంగతి చెప్పాలి. పోలీసు చర్య అయిన మరుసటి ఎండాకాలంలో, కూలికి మనుషులు దొరకని రోజుల్లో, మా బాపూ అవ్వా ఇద్దరే దాన్ని తవ్వారు. బాపు గడ్డపారతో తవ్వితే అవ్వ తట్టలతో మట్టి మోసింది. నేను అప్పుడు కరీంనగరంలో చదువు వెలగబెడుతున్నాను. నీళ్ళు పడిన రోజున అవ్వ ఆ బురదలోనే కూలబడి, దోసిట్లో నీళ్ళు పట్టుకుని ఏడ్చిందట. అప్పటి నుంచి ఆమెకు నడుము నొప్పి మిగిలింది, మాకు ఏటా రెండు పంటలు మిగిలాయి. ఆ బావి లేకపోతే మాది వాన కోసం మొగులు వైపు చూసే భూమి.

మా పొలానికి పడమటి పక్క పొలం మా కాకది. కాక అంటే మా బాపు చిన్నాయన కొడుకు. తాతల నాడు రెండూ ఒకటే చెలక. పంచుకున్నప్పుడు సర్కారు అమీను వచ్చి గొలుసుతో కొలిచి, నడుమ గీత గీసి, ఆ కొలతలు కాగితం మీద వేసుకుపోయాడట. ఆ కాగితాన్ని టిప్పన్ అంటారు. నేల మీది గీత గెట్టు, కాగితం మీది గీత టిప్పన్. రెండూ ఒకచోటే ఉన్నన్నాళ్ళు కాగితాన్ని ఎవరూ అడగరు.

ఒక వానకాలం చెరువు మత్తడి పొంగి మా గెట్టు కొట్టుకుపోయింది. మా తూర్పు కొసన ఉన్న హద్దురాయి కూడా వాగులోకి జారిపోయింది. ఆ తరువాత ఏటా దుక్కిలో కాక ఒక సాలు ఇటు జరిగేవాడు. మా బాపు ఒక సాలు అటు జరిగేవాడు. మా బాపేమీ పుణ్యాత్ముడు కాదు. ఆ మాట ఆయన బతికుండగా ఆయన ముందే అన్నాను, ఇప్పుడూ అంటాను. చివరికొకనాడు రెండు నాగళ్ళూ ఎదురుపడ్డాయి. కాక బావి ఆ ఏడే ఎండిపోయి ఉంది, మనిషి చిరచిరలాడుతున్నాడు.

"సర్కారు గొలుసు తెప్పిస్త. దూద్ కా దూద్, పానీ కా పానీ, పాలేవో నీళ్ళేవో తేలిపోతది" అన్నాడు.

"తెప్పియ్. నేనేమన్న భయపడ్తున్ననా?" అన్నాడు బాపు.

అవ్వ ఇద్దరినీ ఎగాదిగా చూసింది. "ఓడినోడు కోర్టులనే ఏడ్చిండట, గెలిచినోడు ఇంటికొచ్చి ఏడ్చిండట. మీరిద్దరు ఎక్కడెక్కడ ఏడుస్తరో జర ముందుగాల్నే చెప్పుకోండ్రి" అంది. ఆమె మాట ఎవరు విన్నారు గనుక?

కాక అర్జీ పెట్టాడు. బాపు కరీంనగరం పోయి టిప్పన్ నకలు తెచ్చుకున్నాడు. యాసంగి కోతలయ్యాక ఒక పొద్దున సర్వేయర్ వచ్చాడు. గుంటూరు వైపు పిల్లవాడు, నాకన్నా రెండేళ్ళు చిన్నవాడేమో. ఈ జిల్లాకు వచ్చి నెల కూడా కాలేదు. మంచివాడు, మాటకు ముందూ వెనకా అండీ అనేవాడు. నకలు విప్పగానే అతని మొహం పాలిపోయింది.

"ఇదేం లిపండీ బాబూ? నాకు అక్షరం ముక్క రాదు. మాస్టారూ, మీరేమైనా చదవగలరా అండీ?"

ఎన్నేళ్ళుగానో ఆ ప్రశ్న కోసమే కాచుకుని ఉన్నాను. ఊరు సగం అక్కడే ఉంది. నేను కాగితం అందుకుని, గొంతు సవరించుకుని, పైన ఉన్న రాతంతా ఉర్దూ కవుల ముషాయిరాలో చదివినట్టు చదివాను. కాక పొలం పడమటి రాయి నుంచి నడిమి గెట్టుకు ఎంత దూరమో కింద రాసి ఉంది. పది, పక్కన చిన్న అడ్డగీత, ఆ పక్కన ఎనిమిది.

"పది దశాంశం ఎనిమిది గొలుసులు" అన్నాను.

దశాంశం అన్న మాట ఆ కాగితం మీద లేదు. అది నా నోట్లో నుంచి వచ్చింది. ఆ కింద ఇంకా రెండు కొలతలున్నాయి. అతను అడగలేదు, నేనూ చదవలేదు. నా పాండిత్యానికి ఆ ఒక్క అంకె చాలనిపించింది.

ఇక్కడి పాత గొలుసు ముప్పైమూడు అడుగులని అతనికి పైవాళ్ళు చెప్పి పంపారు. కాగితం మీద హెచ్చవేసి, మూడువందల యాభైఆరు అడుగుల చిల్లర అని తేల్చాడు. పడమటి రాయి దగ్గర నుంచి టేపు పరుచుకుంటూ వచ్చారు. పాత గెట్టు ఉన్న చోటు దాటింది. బావి ఒడ్డు దాటింది. సరిగ్గా బావి మూతి నడిమధ్యకు వచ్చి ఆగింది. ఎద్దులతో నీళ్ళు తోడే మా మోట బాట బావి నుంచి గెట్టు వెంబడే ఉంటుంది. ఆ లెక్కన జోడెద్దుల్లో ఒకటి మా భూమిలో నడవాలి, రెండోది కాక భూమిలో నడవాలి.

బాపు గబగబా వచ్చి టేపు కొస చూసుకున్నాడు. కాక కూడా పరేషానై నిలబడ్డాడు. రెండు సాళ్ళ కోసం అర్జీ పెట్టినవాడికి పది అడుగులూ సగం బావీ వస్తే ఏం చేయాలో తోచలేదు. కానీ ఎండిన బావి ఉన్నవాడు వచ్చిన నీళ్ళను వద్దంటాడా? కాసేపటికి తేరుకుని మెల్లగా మీసం దువ్వుకున్నాడు.

నా ఘనత అంతటితో ఆగలేదు. సర్వేయర్ "మీ అక్షరం ముత్యాల్లా ఉందండీ, పంచనామా మీరే రాసిపెట్టండి" అన్నాడు. రాశాను. టిప్పన్ చదివి వినిపించినవాణ్ణి నేనేనని రాసి కింద దస్కత్ చేశాను. అభ్యంతరముంటే పదిహేను దినాల్లో చెప్పుకోవాలని, లేకపోతే ఆ గీతే ఖాయమని చెప్పి అతను వెళ్ళిపోయాడు. మన వేలితో మన కన్నే పొడుచుకోవడం అంటారే, నేను ఆ పని అంకెలతో సహా రాసి సంతకం పెట్టి మరీ చేశాను.

ఆ రోజు నుంచి బాపు నన్ను పేరు పెట్టి పిలవడం మానేశాడు. "మాస్టర్ సాబ్ బువ్వ తిన్నడా?" అని అవ్వను అడిగేవాడు, నేను పక్కనే ఉన్నా. నాలుగో రోజున కరీంనగరం పోయి వకీలును కలిసి వచ్చాడు. వచ్చీ రాగానే తల రుమాలు విప్పి విసురుగా గోడకేసి కొట్టాడు.

"వకీల్ సాబ్ పంచనామా చదివిండు. చదివి నవ్విండు. దావా వెయ్యాలంటె ముందుగాల నీ కొడుకు మీదనే వెయ్యాలె, అవుతలోళ్ళకు సాక్షం చెప్ప గాయినకన్న మంచి గవాయి దొరకడు అన్నడు. బస్సు కిరాయి పెట్టుకొని గా మాట వినొచ్చిన."

నాకు ఏడుపొచ్చింది. ఇరవైనాలుగేళ్ళవాణ్ణి, ఊరికి పంతులును, పశువుల కొట్టం వెనక్కి పోయి ఏడ్చాను. ఆ కాగితాన్ని మళ్ళీ తెరిచి చూడాలని మాత్రం అనిపించలేదు. చదివింది సరిగ్గానే చదివానని నాకు అంత నమ్మకం. పది పదే, ఎనిమిది ఎనిమిదే. తాతలే తప్పుగా పంచారని, అమీనే తాగి కొలిచాడని, ఎవరెవరినో తిట్టుకున్నాను.

తొమ్మిదో రోజు మధ్యాహ్నం బడి నుంచి వచ్చి అన్నం తింటున్నాను. అవ్వ అరుగు మీద కూర్చుని విత్తనాల వడ్లు చెరుగుతోంది. నాతో మాట్లాడుతున్నట్టు కాదు, చేటతో మాట్లాడుతున్నట్టు అంది:

"ఇన్ని వడ్లెందుకు? బాయి లేకుంటె ఇగ వానకాలం ఒక్కటే పంటాయె. గది సుత ఎన్మిదాణాలు దాటది."

మా వైపు పంటను అణాల్లో చెబుతారు. నిండుగా పండితే పదహారు అణాలు, సగం పండితే ఎనిమిది అణాలు. పట్వారీ దప్తరంలోనూ అదే మాట, పాలేరు నోటా అదే మాట. పుట్టినప్పటి నుంచీ వింటున్నదే. కానీ ఆ పూట ఆ మాట నా చెవిలో పడగానే ముద్ద చేతిలోనే ఆగిపోయింది.

ఎనిమిది అంటే సగం!

ఆ అమీను కాలంలో నిండుదనం అంటే పదహారే. రూపాయి పదహారు అణాలు, పంట పదహారు అణాలు, వాటా పదహారు అణాలు. గొలుసు మాత్రం ఎందుకు కాకూడదు? పది గొలుసుల ఎనిమిది అంటే పదిన్నర గొలుసులు. నేను పదింట ఎనిమిది పాళ్ళు చేసి కూర్చున్నాను. సగానికీ దానికీ తేడా ఒక గొలుసులో పదింట మూడు పాళ్ళు, అంటే ఇంచుమించు పది అడుగులు. ఆ పది అడుగుల్లోనే మా సగం బావి ఉంది.

ఎంగిలి చేత్తోనే పెట్టె తెరవబోతే అవ్వ కసిరింది. చేయి కడుక్కుని టిప్పన్ తీశాను. నేను చదవకుండా వదిలేసిన రెండు కొలతలూ చూశాను. నడిమి గెట్టు నుంచి మా తూర్పు కొసకు ఎనిమిది, అడ్డగీత, పన్నెండు. కింద మొత్తం, పందొమ్మిది, అడ్డగీత, నాలుగు. దశాంశాలతో కూడితే చచ్చినా కలవదు. అణాలతో కూడాను. ఎనిమిదీ పన్నెండూ ఇరవై అణాలు. అందులో పదహారు ఒక గొలుసుకు పోతే మిగిలింది నాలుగు. పందొమ్మిది గొలుసుల నాలుగు అణాలు. పొల్లు పోలేదు.

"అవ్వా!" అని అరిచాను. ఆమె చేట జారవిడిచింది. విత్తనాలన్నీ అరుగు కింద పడ్డాయి. నేను చెప్పింది మొత్తం విని, "గింతేనా? గిది నన్నడిగితె ఆనాడే చెప్పకపోదునా?" అంది. నవ్వింది, కళ్ళు తుడుచుకుంది, మళ్ళీ నవ్వింది. తొమ్మిది రోజుల తరువాత నా ఛాతీ మీది నుంచి ఎవరో లేచినట్టయింది.

మండుటెండలో సైకిలేసుకుని సుల్తానాబాద్ పోయాను. సర్వేయర్ నా లెక్క రెండుసార్లు కూడి చూసుకున్నాడు. "మా వైపు గొలుసుకు వంద లింకులండీ" అన్నాడు. ఆఫీసు మూలన తుప్పు పట్టిన పాత గొలుసొకటి ఉంటే ఇద్దరం వరండాలోకి ఈడ్చుకొచ్చి పరిచాము. కడియం తరువాత కడియం లెక్కపెట్టాము. సరిగ్గా పదహారు లింకులున్నాయి. అతను నుదురు కొట్టుకున్నాడు.

"తప్పు మన ఇద్దరిదీనండీ. కానీ మాస్టారూ, పంచనామాలో చదివింది మీరు, సంతకం మీది. ఇప్పుడు మీ పొలానికి మేలయ్యేలా మీరే మాట మారిస్తే అవతలి ఆయన ఊరుకుంటారా? రేపు పొలానికి వస్తాను, ఆయన ఒప్పుకుంటే అక్కడికక్కడే మళ్ళీ కొలుస్తాను. ఒప్పుకోకపోతే ఇది కోర్టుకి పోతుంది. ఎన్నేళ్ళు పడుతుందో నేను చెప్పలేను."

వచ్చేటప్పుడు ఆ సంతోషం సగానికి పడిపోయింది. ఎనిమిది అణాల సంతోషం అనుకోండి. కాక ఒప్పుకుంటాడని నాకు నమ్మకం లేదు. కోర్టుకు పోతే ఎద్దులు అమ్ముకోవాల్సి వస్తుందని బాపుకు తెలుసు.

మరునాడు పొద్దున అందరం మళ్ళీ పొలంలో చేరాము. సర్వేయర్ పాత గొలుసు కూడా పట్టించుకొచ్చాడు. నేను విషయం చెప్పడం మొదలుపెట్టానో లేదో కాక చెయ్యి అడ్డం పెట్టాడు.

"ఓ మాస్టరూ, మొన్న అందరి ముంగట ఒకటి చదువుతివి. నేడు ఇంకోటి అంటున్నవు. ఎల్లుండి ఏమంటవు? నీ నోరా, తాటిమట్టనా? నేను మొన్నటి లెక్క మీదనే ఉంట."

నేను టిప్పన్ మడుచుకున్నాను. ఆయన స్థానంలో నేనున్నా అదే అనేవాణ్ణి. అప్పుడు అవ్వ ముందుకు వచ్చింది. తలమీది గంప దించి పక్కన పెట్టి, చెంగుతో మొహం తుడుచుకుని, మామూలుగా కుశలం అడిగినట్టు అడిగింది.

"గది ఇడిసిపెట్టు మరిదీ. నువ్వు అంగట్ల మేకలు కొంటవు, అమ్ముతవు. నాకొక లెక్క చెప్పు. ఒక మేకకు పది రూపాలెన్మిదాణాలు, ఇంకో మేకకు ఎన్మిది రూపాలు పన్నెండాణాలు. రెండింటికి ఎంతాయె?"

కాక బడి మొహం చూసినవాడు కాదు. కానీ వారం వారం అంగడిలో తిరిగి తిరిగి లెక్కలో అతన్ని మించినవాడు లేడు. ఎవరైనా బేరం చెబితే జవాబు అతని నోట్లో ఆగదు.

"పందొమ్మిది రూపాలు నాలుగాణాలు. గిది సుత తెల్వదా వదినె నీకు?"

అవ్వ నా వైపు తిరిగింది. "ఇగ చదువు" అంది.

నేను టిప్పన్ మీది మూడు కొలతలూ వరసగా, ఈసారి దశాంశం లేకుండా, చదివాను. పది, ఎనిమిది. ఎనిమిది, పన్నెండు. మొత్తం పందొమ్మిది, నాలుగు. సర్వేయర్ పాత గొలుసు నేల మీద పరిచి, "ఇందులో పదహారు లింకులున్నాయండీ, మీరే లెక్కపెట్టుకోండి" అన్నాడు.

కాక లెక్కపెట్టలేదు. అక్కరలేకపోయింది. అవ్వ వైపు చూసి ఒక్కసారిగా పకపకా నవ్వాడు.

"వదినె, నా నోటితోని నన్నే కట్టేసినవు గదనే! ఇగ నేనేమంట? అన్నది నేనేనాయె. కొలువుండ్రి."

ఆ క్షణాన నాకు కాక కాళ్ళ మీద పడాలనిపించింది. మొండికేస్తే పదేళ్ళు మమ్మల్ని కోర్టు మెట్లు ఎక్కించి దించగలవాడు, తన నోట వచ్చిన లెక్కకు కట్టుబడ్డాడు. గొలుసు పరిచారు. పదిన్నర గొలుసులకు మేకు దిగిన చోట నాలుగు పారలు తవ్వితే పాత గెట్టు అడుగురాళ్ళు తగిలాయి. అక్కడి నుంచి బావి ఒడ్డు రెండు అడుగుల దూరంలో, మొత్తం మా వైపే ఉంది. ఎద్దులు రెండూ మా భూమిలోనే నడుస్తాయి. బాపు బావి దగ్గరికి పోయి లోపలికి తొంగి చూశాడు, నీళ్ళు ఉన్నాయో లేదో అని అనుమానం ఉన్నట్టు. సర్వేయర్ పాత పంచనామా మీద అడ్డంగా గీత కొట్టి, కొత్త కాగితం తీశాడు.

కాక రుమాలు దులుపుకుని పోబోయాడు. ఆ పోయే తీరు చూస్తే, ఆయన పోతున్నది ఎండిన బావి దగ్గరికేనని గుర్తొచ్చింది. బాపు వెనక నుంచి పిలిచాడు.

"ఏయ్, ఆగు. నీ బాయి ఎండిందని ఆనాడే నాకొక మాట చెప్తె నీళ్ళియ్యకపోదునా? గొలుసు తెచ్చుడెందుకు, మీసాలు దువ్వుడెందుకు? నీ బాయిల నీళ్ళు పడేదాక మా బాయిల నాలుగాణాల నీళ్ళు నీకు. నాలుగు దినాలకొక దినం మోట నీది."

కాక తల ఊపాడు, అంతే. అవ్వ గంప తలకెత్తుకుంటూ, "గీ తెలివి నెల కింద ఉంటె నా విత్తనాలు మట్టిల పడకపోవు" అని గొణిగింది.

ఒప్పందం కాగితం మీద పెట్టాలన్నాడు సర్వేయర్. అందరూ నా వైపే చూశారు. నేను కాగితం తొడ మీద పెట్టుకుని కలం తీశాను. బాపు వచ్చి నా వెనక నిలబడ్డాడు. ఆయనకు చదువు రాదు, అయినా నా భుజం మీదుగా వంగి కాగితం మీద వేలు పెట్టాడు.

"రాయి కొడుకా. జర పైలం. నాలుగు అని ఊకె రాయకు. అణాలు అని రాయి."